కీత్ అడిగిందెంత, కంపెనీలు చేసిందెంత

రివాల్వర్ తూటాల చరిత్ర ఎవరు రాసినా ఎల్మర్ కీత్ పేరు దగ్గర కాసేపు ఆగక తప్పదు. .357 మాగ్నమ్, .44 మాగ్నమ్, .41 మాగ్నమ్ అనే మూడు తూటాలకూ ఆయనే తండ్రి అనే అభిమానులు అమెరికా నిండా ఉన్నారు. ఆయనవన్నీ ఉత్త గొప్పలని, అసలు పని చేసింది కంపెనీల ఇంజనీర్లని కొట్టిపారేసేవాళ్ళూ తక్కువేం లేరు. రెండు వైపులా ఆధారాలున్నాయి. ఏ వాదం ఎంతదాకా నిలుస్తుందో ఒకచోట పెట్టి తూచి చూడడమే ఈ సమీక్ష పని.

హైదరాబాద్ దిల్‌సుఖ్‌నగర్‌లో ఉండేవాడికి ఈ గొడవెందుకని అడగొచ్చు. మన వైపు మాగ్నమ్ అన్న మాట వినని కుర్రాడు లేడు. కోచింగ్ సెంటర్ మెట్ల మీద కూర్చుని ఫోన్లో ఆట ఆడేవాణ్ణి కదిలిస్తే డెజర్ట్ ఈగిల్ గురించి గుక్క తిప్పుకోకుండా చెప్తాడు. ఆ పిస్తోలులో పేలే తూటాల్లో .44 మాగ్నమ్ ఒకటి. ఇంకో కారణం ఈ నేలలోనే ఉంది. మెట్రో చైతన్యపురి దాటి ఎల్బీ నగర్ చేరేలోపు విక్టోరియా మెమోరియల్ అనే స్టేషన్ వస్తుంది. ఆ పేరుకు కారణమైన భవనం, సరూర్‌నగర్‌లో ఆరో నిజాం మీర్ మహబూబ్ అలీ ఖాన్ కోసం కట్టిన మహలు. తర్వాత అనాథ పిల్లల ఆశ్రమమైంది. పులుల వేటలో ఆయనకున్న పేరు నగరంలో కథలుగా ఇంకా తిరుగుతూనే ఉంది. ఎల్బీ నగర్ చౌరస్తా నుంచి విజయవాడ రోడ్డు పడితే వనస్థలిపురం పక్కనే మహావీర్ హరిణ వనస్థలి తగులుతుంది. సుమారు 3,600 ఎకరాల ఆ చోటు ఒకప్పుడు నిజాముల సొంత వేట మైదానం. 1975లో జింకల పార్కు చేశారు, 1994లో జాతీయ ఉద్యానవనమైంది.

ఆ కాలపు వేటంతా రైఫిలు మీద నడిచింది. నడుముకు రివాల్వర్ వేలాడినా అది గాయపడి మీదికొచ్చిన జంతువు కోసం, లేదంటే కొనఊపిరితో ఉన్నదాన్ని ముగించడం కోసం. రివాల్వర్ ఒక్కటే పట్టుకుని దుప్పి మీదికో ఎలుగుబంటి మీదికో వెళ్ళాలన్న పట్టుదల మన దగ్గర పుట్టలేదు. అది అమెరికా పడమటి కొండల్లో పుట్టింది. పుట్టించినవాళ్ళలో ముందు వరసలో కీత్ ఉన్నాడు.

అయితే బలమైన చేతి తుపాకీ కావాలన్న కోరిక ఆయనతో మొదలైంది కాదు. ఆ కథలో మొదటి అధ్యాయం మన ఉపఖండంలోనే ఉంది. వలస యుద్ధాల్లో ఎదురొచ్చేవాడు ఒక్క దెబ్బకు ఆగడం లేదని బ్రిటిష్ సైనికాధికారులు మొత్తుకుంటే కలకత్తా దగ్గరి డమ్‌డమ్ ఆయుధ కర్మాగారంలో ముక్కు మెత్తగా ఉండే రైఫిలు గుండు తయారైంది. .455 వెబ్లీ రివాల్వర్‌కు ముక్కు గుంటపడిన మ్యాన్‌స్టాపర్ గుండు చేశారు. 1899 హేగ్ ప్రకటన ఒంట్లో విచ్చుకునే గుళ్ళను యుద్ధంలో వాడరాదంది. తర్వాత ఫిలిప్పీన్స్ పోరులో .38 రివాల్వర్లు చాలలేదని అమెరికా సైన్యం గగ్గోలు పెట్టింది. 1904లో థాంప్సన్, లాగార్డ్ అనే ఇద్దరు అధికారులు పశువుల మీద, శవాల మీద కాల్చి చూసి .45కు తగ్గకూడదని తేల్చారు. అంటే కీత్ తుపాకీ పట్టే నాటికే పండితుల తీర్పు ఖాయమైపోయింది: గుండు పెద్దదిగా, బరువుగా ఉండాలి, వేగం ఎంతున్నా సరే. కీత్ ఆ తీర్పులో మొదటి సగం ఉంచుకుని రెండో సగాన్ని కాదన్నాడు. పెద్ద గుండును వేగంగా కూడా పంపాలన్నాడు. ఆయన జీవితమంతా చేసిన వాదం ఇదే.

ఆయన పుట్టింది 1899 మార్చి 8న, మిస్సోరీలోని హార్డిన్‌లో. పెరిగింది మోంటానాలో. చిన్నప్పుడు మిజూలాలో ఒక వసతి గృహం తగలబడితే ఒళ్ళంతా కాలిపోయింది, చెయ్యి వంకరపోయింది. బతుకుతాడనుకోలేదు ఎవరూ. పెద్దయ్యాక గుర్రాలను లొంగదీశాడు, పశువులు కాశాడు, వేటకొచ్చే పట్నం దొరలకు కొండదారులు చూపించాడు. చివరికి ఐడహోలోని సాల్మన్ ఊళ్ళో స్థిరపడ్డాడు. పొట్టి మనిషి, పెద్ద టోపీ, నోట్లో చుట్ట. ఇంజనీరింగ్ చదువు లేదు, ప్రయోగశాల లేదు. తూటాలో ఒత్తిడి ఎంత పుడుతుందో కొలిచే పరికరం ఆయన దగ్గర ఎప్పుడూ లేదు. ఈ లోటును గుర్తుపెట్టుకుంటేనే మిగతా కథ అర్థమవుతుంది.

1925 జూలై 4. అమెరికా స్వాతంత్ర్య దినం. సంబరంగా గాల్లోకి కాలుద్దామని కీత్ తన .45 కోల్ట్ సింగిల్ యాక్షన్ రివాల్వర్ తీశాడు. అది 1873 నాటి నమూనా. అందులో పెట్టింది రైఫిలు కోసం పోసిన 300 గ్రెయిన్ల గుండు, అంటే 19 గ్రాములకు పైనే. తుపాకీ మామూలు కంటే గట్టిగా మోగింది, చిన్న మంట కనిపించింది. చూసుకుంటే సిలిండర్‌లో మూడు గదుల పైభాగం లేదు, వాటి మీదుండే ఉక్కు పట్టీ కూడా లేదు. మనిషికి దెబ్బ తగలకపోవడం అదృష్టం.

ఇంకెవరైనా అయితే అక్కడితో భారీ తూటాల సరదా వదులుకునేవాళ్ళు. కీత్ మాత్రం పగిలిన సిలిండర్‌ను ముందు పెట్టుకుని లెక్క వేశాడు. సిలిండర్ బయటి కొలత మారదు, గదులు ఆరే. గది వెడల్పు .45 నుంచి .44కు దిగితే రెండు గదుల మధ్య, గదికీ బయటి అంచుకూ మధ్య ఉక్కు గోడ ఆ మేరకు మందమవుతుంది. అందుకని .45ను వదిలేసి .44 స్పెషల్ పట్టుకున్నాడు. స్మిత్ అండ్ వెసన్ కంపెనీ ఆ తూటాను 1907లో తెచ్చింది. తెచ్చిందే కానీ దాని అమ్మ అయిన పాత .44 రష్యన్ తూటా ఎంత నెమ్మదో దీన్నీ అంతే నెమ్మదిగా ఉంచింది. 246 గ్రెయిన్ల గుండు, సెకనుకు 755 అడుగుల వేగం. తూటా తొడుగులో చోటుంది, సిలిండర్ గోడలో బలముంది, ఎవరూ వాడుకోవడం లేదు. ఇక్కడే కీత్ చెయ్యి పడింది. 250 గ్రెయిన్ల గుండును 1200 అడుగుల దగ్గరికి తీసుకెళ్ళాడు. ఎంత మందు పోశాడన్నది ఇక్కడ అనవసరం. ఆయన అంకెలను ఈ రోజు ఎవరూ గుడ్డిగా నమ్మకూడదని ఆయన అభిమానులే చెప్తారు.

నా లెక్కలో కీత్ అసలైన సృష్టి తూటా కాదు, గుండు. లైమన్ కంపెనీ 1920ల చివర్లో 429421 అనే నంబరుతో ఆయన గీసిన అచ్చు అమ్మకానికి పెట్టింది. దాన్నుంచి వచ్చే సీసపు గుండును చేతిలోకి తీసుకుని చూస్తే ఒక్కో గీతకూ ఒక కారణం కనిపిస్తుంది. ముక్కు కొనదేలి ఉండదు. కత్తితో అడ్డంగా కోసినట్టు చదునుగా ఉంటుంది. గుండ్రటి ముక్కు మాంసాన్ని పక్కకు నెట్టుకుని జారిపోతే ఈ చదును ముఖం కోసుకుంటూ పోతుంది, కాగితం టార్గెట్ మీద కూడా గుండ్రంగా శుభ్రమైన రంధ్రం పెడుతుంది. ముక్కు పొడుగ్గా ఇత్తడి తొడుగు బయటే ఉంటుంది, లోపల మందుకు చోటు మిగులుతుంది. ఒంటి మీద మూడు సమానమైన పట్టీలు. పై పట్టీ తొడుగు బయట నిలిచి, సిలిండర్ గది మూతిలో గుండును నిటారుగా పట్టి ఉంచుతుంది, బ్యారెల్‌లోకి వంకరగా దూరకుండా. పట్టీల మధ్య గ్రీజు కోసం చదరపు గాడి. తొడుగు అంచును లోపలికి మడిచి బిగించడానికి ఇంకో గాడి. అది సరిగ్గా లేకపోతే తుపాకీ తన్నే తన్నుకు మిగతా గదుల్లోని గుళ్ళు ముందుకు జరిగి సిలిండర్ తిరగనివ్వవు.

ఇదంతా ఆయన ఒంటరిగా కనిపెట్టాడనడం అతిశయం. చదును ముక్కు గుళ్ళు అంతకుముందే ఉన్నాయి. టార్గెట్ షూటర్ల కోసం పూర్తిగా స్తంభంలా ఉండే వాడ్‌కట్టర్ ఉంది. కీత్ చేసింది ఆ టార్గెట్ గుండుకూ వేటగాడి గుండుకూ పెళ్ళి చేయడం. సెమీ వాడ్‌కట్టర్ అంటే ఈ రోజుకీ ఆ గీత చుట్టూనే తిరుగుతోంది. వందేళ్ళు కావస్తున్నా ఆ అచ్చు వాడుకలోంచి పోలేదు. అన్ని మాగ్నమ్‌లూ ఒక ఎత్తు, ఈ సీసపు ముద్ద ఒక ఎత్తు.

నమ్మనివాళ్ళు అప్పుడే మొదలయ్యారు. రివాల్వర్‌తో వందల గజాల దూరం కొడుతున్నానని కీత్ పత్రికల్లో రాస్తుంటే పెన్సిల్వేనియాకు చెందిన హెరాల్డ్ క్రాఫ్ట్ అనే షూటర్‌కు ఒళ్ళు మండింది. పెట్టె నిండా తుపాకులు సర్దుకుని, దేశం ఆ చివరి నుంచి ఒరెగాన్‌లోని డర్కీ దాకా వచ్చి కీత్ ఇంట్లో దిగాడు. కళ్ళారా చూశాక నోరు మూతపడింది. ఇద్దరూ స్నేహితులయ్యారు. ఆ స్నేహంలోంచి వచ్చిందే కీత్ గర్వంగా చెప్పుకునే ఐదో నంబరు రివాల్వర్. 1929లో అమెరికన్ రైఫిల్‌మ్యాన్ పత్రికలో దాని మీద ఆయన రాసిన వ్యాసం పేరు ‘ది లాస్ట్ వర్డ్’. అంటే ఇక దీని తర్వాత చెప్పేదేం లేదని! వినయం ఆయన గుణాల్లో ఒకటి కాదు.

ఇప్పుడు మూడు మాగ్నమ్‌ల సంగతి.

.357 విషయంలో కీత్ అభిమానుల వాదం బలహీనం. మద్యనిషేధ కాలపు దొంగల కార్ల ఇనుప రేకుల మీద .38 గుళ్ళు పనిచేయడం లేదని పోలీసులు గోల పెడితే స్మిత్ అండ్ వెసన్ 1930లో పెద్ద ఫ్రేము మీద హెవీ డ్యూటీ అనే .38 రివాల్వర్ తెచ్చింది. దానిలో కీత్ భారీ తూటాలు కాల్చి చూసి రాసిన మాట నిజం. అదే తుపాకీ మీద ఫిలిప్ షార్ప్ అనే ఇంకో రచయిత కూడా కూర్చున్నాడు. కంపెనీ లోపల డగ్లస్ వెసన్ పట్టుదల ఉంది, తూటా తయారీలో వించెస్టర్ పని ఉంది. 1935లో .357 మాగ్నమ్ బయటికొచ్చింది. 158 గ్రెయిన్ల గుండు, పొడవాటి బ్యారెల్ నుంచి సెకనుకు 1515 అడుగులని ప్రకటించారు. మొదటి రివాల్వర్ ఎఫ్‌బీఐ అధిపతి ఎడ్గార్ హూవర్‌కు వెళ్ళింది. వెసన్ స్వయంగా దానితో పెద్ద జంతువుల వేటకెళ్ళి ప్రచారం చేశాడు. అన్నిటికన్నా తమాషా ఏమిటంటే, కీత్ .38 కోసం గీసిన గుండు పొడవాటి మాగ్నమ్ తొడుగులో బిగిస్తే ఆ రివాల్వర్ సిలిండర్‌లో పట్టేది కాదు, ముక్కు బయటికి పొడుచుకొచ్చేది. బిడ్డ కొలతలే తెలియని తండ్రి ఉంటాడా? ఇందులో షార్ప్, వెసన్‌లది పెద్ద వాటా. కీత్‌ది ఊరికే కొట్టిపారేయలేని చిన్న వాటా.

.44 దగ్గర తూకం తిరగబడుతుంది. దాదాపు ముప్పయ్యేళ్ళు ఆయన ఒక్కటే పాట పాడాడు: నా .44 స్పెషల్ భారీ తూటాను ఫ్యాక్టరీలో చేసివ్వండి. 1936లో ‘సిక్స్‌గన్ కార్ట్రిడ్జెస్ అండ్ లోడ్స్’ అనే పుస్తకంలో రాశాడు, పత్రికల్లో రాశాడు, కంపెనీల వాళ్ళు ఎక్కడ కనిపిస్తే అక్కడ పట్టుకుని అడిగాడు. తూటా కంపెనీల భయం వేరు. లోకంలో .44 స్పెషల్ తుపాకులు వేలల్లో ఉన్నాయి, వాటిలో కొన్ని పాత ఉక్కువి. ఎవడో ఒకడు ఈ భారీ తూటాను తాతల నాటి రివాల్వర్‌లో పెట్టి పేలిస్తే? 1925 జూలై 4న కీత్ చేతిలో ఏం జరిగిందో అది ఊరూరా జరుగుతుంది. ఆ చిక్కు విప్పింది కీత్ కాదు, కంపెనీలే. తొడుగును అంగుళంలో ఎనిమిదో వంతు, అంటే మూడు మిల్లీమీటర్ల పైచిలుకు పొడుగు చేశారు. కొత్త తూటా పాత తుపాకీలో పూర్తిగా దూరదు. .357కూ ఇదే ఉపాయం వాడారు. స్మిత్ అండ్ వెసన్ అధిపతి కార్ల్ హెల్‌స్ట్రోమ్ సై అన్నాడు, తూటా రెమింగ్టన్ చేసింది. 1955 చివర్లో తొలి రివాల్వర్లు తయారై 1956లో అమ్మకానికి వచ్చాయి. అదే ఏడాది రూగర్ తన బ్లాక్‌హాక్‌ను అదే తూటాకు తెచ్చింది.

కీత్ అడిగింది 250 గ్రెయిన్లు, 1200 అడుగులు. వచ్చింది 240 గ్రెయిన్లు, 1400 అడుగులకు పైన. అడిగినదానికంటే ఎక్కువే చేతిలో పెట్టారు. పత్రికల్లో మొదటగా పరీక్షించినవాళ్ళు చేతికి తొడుగు వేసుకోవాల్సి వచ్చిందని రాశారు. తుపాకుల దుకాణాల్లో ఒక వెటకారం పుట్టింది: సెకండ్ హ్యాండ్ .44 మాగ్నమ్ కొంటే యాభై తూటాల డబ్బా కూడా వస్తుంది, అందులో మిగిలినవి సరిగ్గా నలభై నాలుగు. ఆరు కాల్చి అమ్మేసుకున్నారని. కీత్‌కు మాత్రం ఆ తన్ను లెక్కలోనే లేదు. ఆ తూటా కంపెనీల ఇంజనీరింగ్ అయినా దానికి గిరాకీ ఉందని నమ్మించింది ఆయన కలమే. ఆ కలం లేకపోతే 1955లో .44 మాగ్నమ్ వచ్చేది కాదు. ఇది నా తీర్పు. ఆ రోజుల్లో .44 తొడుగులు పొడుగు చేసి సొంతంగా ప్రయోగాలు చేసిన జాన్ లాచుక్ వంటివాళ్ళు ఉన్నారు. వాళ్ళ పేర్లు మరుగునపడడం అన్యాయమే గానీ, ఫ్యాక్టరీ తలుపు తట్టి తెరిపించింది మాత్రం కీతే.

.41 గురించి ఎక్కువ చెప్పనక్కర్లేదు. 1964లో కీత్, సరిహద్దు గస్తీ అధికారి బిల్ జోర్డన్ వంటివాళ్ళ ఒత్తిడి మీద వచ్చింది. పోలీసులకు మధ్యరకం బలం కావాలన్నది ఆలోచన. తుపాకీ చూస్తే .44 అంత బరువు, తూటా చూస్తే వేటగాడికి సరిపోయేంత దురుసు. అప్పటికే జోర్డన్ సలహాతోనే నడుముకు తేలిగ్గా ఉండే .357 పోలీసుల దగ్గరికి వచ్చేసింది. ఇక దీన్ని ఎవరు మోస్తారు? కొన్ని ఠాణాలు తీసుకున్నాయి, తర్వాత వదిలేశాయి. కీత్ పేరున్నంత మాత్రాన తూటా నిలవదనడానికి .41 సాక్ష్యం.

.44 మాగ్నమ్ ఇంటింటి పేరు కావడానికి కీత్ చాలలేదు, సినిమా కావాల్సి వచ్చింది. 1971 చివర్లో డాన్ సీగల్ తీసిన ‘డర్టీ హ్యారీ’లో క్లింట్ ఈస్ట్‌వుడ్ స్మిత్ అండ్ వెసన్ వారి .44 మాగ్నమ్ అయిన మోడల్ 29 రివాల్వర్ పట్టుకున్నాడు. అంతదాకా నెమ్మదిగా అమ్ముడుపోయే తుపాకీకి కరవొచ్చింది, ధర కంటే ఎక్కువిచ్చి కొన్నారు. అదే 1971 ఆగస్టులో మనకు కె.ఎస్.ఆర్. దాస్ దర్శకత్వంలో కృష్ణ ‘మోసగాళ్ళకు మోసగాడు’ వచ్చింది. రాజస్థాన్ ఎడారిలో తీసిన ఆ సినిమాతో తెలుగు ప్రేక్షకుడికి ఆరు గుళ్ళ రివాల్వర్ ఇంటి వస్తువైంది. ‘కొదమ సింహం’ నుంచి ‘టక్కరి దొంగ’ దాకా ఆ వరస నడిచింది. మన హీరోలు ఎంత కాల్చినా మణికట్టు ఇంచు కదలదు. కీత్ జీవితమంతా పోరాడింది ఆ కదిలే మణికట్టుతోనే అని సినిమా చూసి ఎవరూ ఊహించలేరు.

ఇక ఆయన మీద వచ్చిన పెద్ద ఆరోపణ. ఒక వేటకొచ్చిన మనిషి గాయపరిచిన దుప్పిని .44 మాగ్నమ్‌తో 600 గజాల దూరంలో కొట్టానని కీత్ రాశాడు. అబద్ధమని సగం అమెరికా అంది. దూరాల్లో ఆయన కొట్టడం కళ్ళారా చూసినవాళ్ళు క్రాఫ్ట్‌లాంటివాళ్ళు ఉన్నారు కాబట్టి పూర్తి కట్టుకథ అనడం కష్టం. ఒక్క గుండుకు కాదు, కాల్చి, ఎక్కడ పడిందో దుమ్ము చూసి, దిద్దుకుని, మళ్ళీ కాల్చి. పైగా అది గాయపడి పారిపోతున్న జంతువు. వదిలేస్తే అడవిలో రోజుల తరబడి చస్తుంది. ఆ సందర్భం చెప్పకుండా ఆ కథను సాహసంగా ప్రచారం చేసినవాళ్ళది ఎక్కువ తప్పు, వినోదంగా రాసిన కీత్‌ది కొంత తప్పు. ఆయన్ను చూసి దూరాన్నుంచి కాల్చి ఎన్ని జంతువులను కుంటివి చేశారో ఆ లెక్క ఏ పుస్తకంలోనూ ఉండదు.

ఆయన తర్వాత పరుగు ఆగలేదు. డిక్ కాసుల్ 1950ల చివరి నుంచి పనిచేసిన .454 తూటాకు 1983లో ఫ్రీడమ్ ఆర్మ్స్ రివాల్వర్ చేసింది. కీత్ అప్పటికి మంచం మీద ఉన్నాడు. 1984 ఫిబ్రవరి 14న పోయాడు. 2003లో స్మిత్ అండ్ వెసన్ .500 మాగ్నమ్ తెచ్చింది. ఆ రివాల్వర్ బరువు రెండు కిలోలు దాటుతుంది. దాన్ని కీత్ వారసత్వంగా చెప్పేవాళ్ళతో నాకు పేచీ ఉంది. కీత్‌కు కావాల్సింది పొద్దున నడుముకు కట్టుకుంటే రాత్రి విప్పేదాకా గుర్రం మీదా కాలినడకనా బరువనిపించని తుపాకీ. మోడల్ 29 కిలో ముప్పావు లోపే. రెండు కిలోల రివాల్వర్ మోసేవాడు రైఫిలే మోయొచ్చు. కీత్ తెరిచిన తలుపులోంచే వచ్చినా అది ఆయన దారి కాదు.

మన దగ్గరికి ఆయన ప్రభావం ఎంత చేరింది? బలం విషయంలో చేరింది దాదాపు సున్నా. 1972 వన్యప్రాణి సంరక్షణ చట్టంతో వేట ఆగిపోయింది. 1980ల మధ్య నుంచి మామూలు మనిషికి విదేశీ తుపాకుల దిగుమతి మూసుకుపోయింది. ఆయుధ చట్టానికి 2019లో చేసిన సవరణతో ఒకరి దగ్గర ఉండదగ్గ తుపాకులు మూడు నుంచి రెండుకు తగ్గాయి. లైసెన్సున్న వ్యాపారి నడుముకుండేది కాన్పూర్ కర్మాగారం చేసే .32 రివాల్వర్. 2014లో మహిళల కోసమని తెచ్చిన నిర్భీక్ కూడా .32నే. దానిలో పేలేది స్మిత్ అండ్ వెసన్ 1896లో తెచ్చిన .32 లాంగ్, గుండు సుమారు వంద గ్రెయిన్లు, వేగం 700 అడుగుల దగ్గర. .44 మాగ్నమ్ శక్తి దీనికి తొమ్మిది పది రెట్లు. మనవాళ్ళ చేతుల్లోకి చిన్న తూటా రావడానికి మనుషుల అభిరుచి కారణం కాదు. 1962 ఆయుధ నియమాల్లో నిషేధించిన రివాల్వర్ల జాబితా చూస్తే తూటా ఎంత బలమైనదన్న ఊసే లేదు; .380, .455 తూటాలూ, సైన్యం వాడే 9 ఎంఎం, .45 తూటాలూ అందులో పేలతాయా అన్నదే ప్రశ్న. సైనిక గోదాముల్లోంచి తూటాలు దొంగిలించి వాడుకోకుండా బ్రిటిష్ కాలం నుంచి వస్తున్న జాగ్రత్త అది. కీత్ లాంటివాడు ఇక్కడ పుట్టి ఉంటే ఆయన వాదన ఈ గోడకే తగిలి ఆగేది.

గుండు ఆకారం మాత్రం వేరే దారిలో వచ్చింది. 25 మీటర్ల సెంటర్ ఫైర్ పిస్తోలు పోటీలో షూటర్లు ఎక్కువగా వాడేది అదే .32 లాంగ్, పూర్తి చదును ముఖం ఉన్న వాడ్‌కట్టర్‌తో. కీత్ తన గుండుకు సగం తీసుకున్న చుట్టం అది. 2006 దోహా ఆసియా క్రీడల్లో జస్పాల్ రాణా 590 పాయింట్లతో ప్రపంచ రికార్డును సమం చేసి స్వర్ణం గెలిచింది ఈ పోటీలోనే. మన హైదరాబాద్ అమ్మాయి ఈషా సింగ్ 2023లో హాంగ్‌ఝౌ ఆసియా క్రీడల్లో 25 మీటర్ల పిస్తోలు జట్టు స్వర్ణం, వ్యక్తిగత రజతం తెచ్చింది. అక్కడ వాడేది ఇంకా చిన్నదైన .22. గురి పెట్టి కొట్టడమే ధ్యేయమైతే తన్ను ఎంత తగ్గితే అంత మేలు. ఎల్బీ నగర్‌లో మెట్రో ఎక్కి అమీర్‌పేటలో మారి గచ్చిబౌలి వైపు శిక్షణకు వెళ్ళే పిల్లలకు కోచ్ మొదటి రోజు చెప్పేదీ అదే. కీత్ రాసింది ఈ పిల్లల కోసం కాదు, ఎలుగుబంటి తిరిగే లోయలో ఒంటరిగా గుర్రం నడిపేవాడి కోసం.

కాబట్టి మొత్తం తూచి చెప్పాల్సి వస్తే నా వరస ఇది: సెమీ వాడ్‌కట్టర్ గుండు మొదటిది, అందులో ఆయన చేతిపని స్పష్టం. .44 మాగ్నమ్ రెండోది, అందులో ఆయన పట్టు విడువని కలం ఉంది, లెక్కలు రెమింగ్టన్‌వి. .357లో ఆయన ముగ్గురిలో ఒకడు. .41లో ఆయన తప్పాడు. ఆయన్ను చదవాలనుకునేవాళ్ళు 1955 నాటి ‘సిక్స్‌గన్స్’ చదవండి; గుండు, సిలిండర్ గురించిన అధ్యాయాలు ఇప్పటికీ పనికొస్తాయి. ఆత్మకథను మాత్రం కథగా చదవండి. ఆయన రాసిన మందు కొలతలు ఏ తెలుగు ఇంట్లోనూ ఎవరూ తూచి చూడాలనుకోవద్దు. ఒత్తిడి కొలిచే సాధనం లేని మనిషి ఒక తుపాకీ పగలగొట్టుకుని నేర్చుకున్న పాఠాలవి. పైగా లైసెన్స్ లేకుండా తూటాలు తయారు చేయడం 1959 ఆయుధ చట్టం కింద నేరం.